హుడ్ పెట్టుకుంటే ఎత్తూ హెడింగూ రెండూ నిలవట్లేదు, స్కాన్ (డయల్స్ మీద కళ్ళు తిప్పడం) ఎలా సాధన చెయ్యాలి?

బ్రాడీపేట_172:

అందరికీ నమస్కారం అండి. మాది గుంటూరు. సెస్నా 172లో ఇన్‌స్ట్రుమెంట్ శిక్షణ నడుస్తోంది. గ్లాస్ కాక్‌పిట్ కాదు, పాత గుండ్రటి డయల్సే. శిక్షణ మన అక్షాంశాల్లోనే. ఇప్పటికి హుడ్ (బయట కనపడకుండా పెట్టుకునే ముసుగు) కింద ఆరు గంటలయ్యాయి. మూడు వారాలు ఇంటి దగ్గర ఉంటాను, ఈలోపు ఏం సరిచేసుకోవచ్చో చెప్పండి.

3,000 అడుగుల్లో తిన్నగా పోతూ ఆల్టిమీటర్ (ఎత్తు చూపే డయల్) చూస్తుంటే హెడింగ్ (ముక్కు చూసే దిశ) 15 డిగ్రీలు పక్కకి జరుగుతోంది. హెడింగ్ సర్దేలోపు ఎత్తు 2,800కి దిగుతోంది, లాగితే 3,200కి పోతోంది. స్టాండర్డ్ రేట్ టర్న్‌లో (సెకనుకి 3 డిగ్రీల చొప్పున తిరగడం) ప్రతిసారీ 150 అడుగులు పోతున్నాయి. ఇక యాటిట్యూడ్ (ముక్కూ రెక్కలూ ఎలా ఉన్నాయో చూపే డయల్), డీజీ (గైరోతో హెడింగ్ చూపే డయల్) రెండూ మూసేసి కంపాస్ మీద తిప్పమంటే ఉత్తరానికి 12, 13 డిగ్రీలు ముందే ఆగిపోతున్నాను. దక్షిణమైతే అంతే దాటిపోతున్నాను. పుస్తకంలో ఉన్నట్టే ఉత్తరానికి 37 ముందు, దక్షిణానికి 22 తర్వాత అని లెక్క వేసే చేస్తున్నాను.

ఇంట్లో లాప్‌టాప్, జాయ్‌స్టిక్, ఎక్స్‌ప్లేన్ (విమాన సిమ్యులేటర్) ఉన్నాయి. ఏది ముందు చెయ్యాలి, ఏది తర్వాత? ఈ గంటలు లాగ్‌బుక్‌లో రాసుకోవచ్చా?

కృష్ణలంక_లెవెల్‌ఫ్లైట్:

తమ్ముడూ, మీరు చెప్పిన మొదటి రెండింటికీ కారణం ఒకటే. అంకెను చూసి విమానాన్ని కదిలిస్తున్నారు. ఆల్టిమీటర్, వీఎస్‌ఐ (ఎక్కే, దిగే రేటు చూపేది) జరిగిపోయినదాన్ని చెప్పే డయల్స్. ముక్కు ఎక్కడుందో చెప్పేది యాటిట్యూడ్ ఒక్కటే. అందులో ఒక స్థానం పెట్టి, దానికి తగ్గ పవర్ పెట్టి, ట్రిమ్ చేసి (చేతి బలం లేకుండా ముక్కు అక్కడే నిలిచేలా సర్ది), ఆ తర్వాతే మిగతా డయల్స్ దగ్గరికి వెళ్ళి ‘నేను పెట్టింది సరిపోయిందా’ అని అడగాలి. ఈ వరస తారుమారైతే ఎన్ని గంటలు ఎగిరినా 200 అడుగుల ఊగులాట పోదు.

ముందు ఒక చిన్న పట్టిక తయారు చేసుకోండి. 172లో మొదటి అంచనాగా: లెవెల్‌లో 100 నాట్స్‌కి 2,300 ఆర్‌పీఎం చుట్టుపక్కల, 90 నాట్స్‌కి 2,100, 2,200 మధ్య, 90 నాట్స్‌తో నిమిషానికి 500 అడుగులు దిగడానికి 1,800 దరిదాపుల్లో. మీ విమానం మోడల్, ఆ రోజు బరువు, ఎండ బట్టి 50 నుంచి 100 ఆర్‌పీఎం అటూ ఇటూ అవుతుంది. అందుకే పుస్తకంలోంచి ఎత్తి రాసుకోకుండా మీ విమానంలో కొలిచి రాసుకోండి. (మే నెలలో గుంటూరులో 42 డిగ్రీలుంటే నేల మీదే డెన్సిటీ ఆల్టిట్యూడ్ (పల్చబడిన గాలిలో విమానానికి ఉన్నట్టనిపించే ఎత్తు) 3,200 అడుగులు దాటుతుంది. జనవరిలో రాసుకున్న అంకె అప్పుడు పనిచెయ్యదు.)

తర్వాత ఎంత సర్దాలో తెలియాలి. 90 నాట్స్‌లో ముక్కు ఒక్క డిగ్రీ కదిపితే నిమిషానికి దాదాపు 150 అడుగుల తేడా వస్తుంది. అంటే మీరు 2,800 నుంచి 3,200కి పోతున్నారంటే నాలుగైదు డిగ్రీలు లాగేస్తున్నారన్నమాట. ఎత్తు తేడా 100 అడుగుల లోపు ఉంటే యాటిట్యూడ్‌లోని బొమ్మ విమానం గీత మందంలో సగం కదిపితే చాలు. 100 దాటితే ఒక గీత మందం, అంతకు మించొద్దు. తేడా ఎంతో దానికి రెట్టింపు రేటుతో సర్దుకోవాలి. 100 అడుగులు తగ్గితే నిమిషానికి 200 అడుగుల చొప్పున ఎక్కండి. అర నిమిషంలో పని అయిపోతుంది.

వీఎస్‌ఐని తరమకండి. మామూలు వీఎస్‌ఐ అసలు రేటు చూపించడానికి 6 నుంచి 9 సెకన్లు తీసుకుంటుంది. ముల్లు ఏ వైపు కదిలిందో వెంటనే తెలుస్తుంది, ఎంత అన్నది కుదురుకున్నాకే తెలుస్తుంది. ముల్లు ఇంకా కదులుతుండగానే యోక్ (విమానాన్ని నడిపే పిడి) కదిపితే ఊగులాట మీరే పుట్టించినట్టు.

కళ్ళు తిరగాల్సిన దారి చక్రం ఆకుల్లా ఉండాలి. యాటిట్యూడ్ నడిమి బొడ్డు. అక్కణ్ణుంచి ఆల్టిమీటర్‌కి వెళ్ళి మళ్ళీ యాటిట్యూడ్‌కి, అక్కణ్ణుంచి డీజీకి వెళ్ళి మళ్ళీ యాటిట్యూడ్‌కి, ఆ తర్వాత ఎయిర్‌స్పీడ్. పక్క డయల్ మీద ఒకటి రెండు సెకన్లకు మించి నిలవకూడదు. ఆల్టిమీటర్‌లో అంకె చదవక్కర్లేదు, ముల్లు ఎటు జారుతోందో చూసి వచ్చెయ్యండి. మీరు అంకె చదువుతున్నారు, అందుకే అక్కడ చిక్కుకుపోతున్నారు, ఈలోపు హెడింగ్ జారిపోతోంది.

టర్న్‌లో 150 అడుగుల సంగతి. 100 నాట్స్‌లో స్టాండర్డ్ రేట్‌కి బ్యాంక్ 15 డిగ్రీలు చాలు (వేగంలో పదో వంతు, దానికి సగం కలిపితే వచ్చేది). 15 డిగ్రీల బ్యాంక్‌లో రెక్కలు మొయ్యాల్సిన అదనపు బరువు మూడున్నర శాతమే. అంత కొంచానికి 150 అడుగులు పోవు. వాలుస్తున్న మూడు నాలుగు సెకన్లూ మీ కళ్ళు టర్న్ కోఆర్డినేటర్ (తిరిగే వేగం చూపే డయల్) మీదే ఉండిపోతున్నాయి, ఆ సందులో ముక్కు దిగిపోతోంది. వాల్చడం సగంలో ఉండగా ఒకసారి, 15కి చేరగానే ఇంకోసారి ఆల్టిమీటర్ చూడండి. టర్న్‌లో ట్రిమ్ తిప్పొద్దు, బయటికి రాగానే విమానం ఎత్తుకుపోతుంది.

ట్రిమ్ సరిగ్గా ఉందో లేదో తెలియాలంటే యోక్ మీంచి అయిదు సెకన్లు చెయ్యి తీసేసి చూడండి. ముక్కు కదిలితే ట్రిమ్ కాలేదు. పిడికిలి బిగించి పట్టుకునే వాళ్ళకి ఈ సంగతి ఎప్పటికీ తెలియదు. రెండు వేళ్ళూ బొటనవేలూ చాలు.

అవనిగడ్డ_అల్టర్నేట్‌స్టాటిక్:

పైన చెప్పినదంతా సరే. నేను మీ కంపాస్ లెక్క గురించి చెప్తాను, ఎందుకంటే అక్కడ తప్పు మీ చేతిది కాదు, పుస్తకంలోని ఉదాహరణది.

37, 22 అన్న అంకెలు 30 డిగ్రీల అక్షాంశానికి. సూత్రం ఇది: ఉత్తరానికి తిరుగుతుంటే అక్షాంశం అంకెకి బ్యాంక్‌లో (రెక్కల వాలు) సగం కలిపి అంత ముందు లేవాలి, అంటే రెక్కలు సమం చెయ్యాలి. దక్షిణానికైతే అక్షాంశంలోంచి బ్యాంక్‌లో సగం తీసేసి అంత దాటాక లేవాలి. 15 డిగ్రీల బ్యాంక్‌లో సగం ఏడున్నర. 30కి కలిపితే 37, తీసేస్తే 22. విజయవాడ, గుంటూరు ఉన్నది 16న్నర డిగ్రీల దగ్గర. ఇక్కడ ఉత్తరానికి 24 ముందు, దక్షిణానికి 9 తర్వాత. తేడా చూడండి, రెండు వైపులా 13 డిగ్రీలే. మీరు తప్పుతున్నది సరిగ్గా అంతే.

అంటే పడమర నుంచి కుడికి తిరిగి ఉత్తరానికి రావాలంటే కంపాస్‌లో 336 కనిపించగానే లేవడం మొదలుపెట్టండి. తూర్పు నుంచి ఎడమకి తిరిగితే 024 దగ్గర. తూర్పు నుంచి కుడికి తిరిగి దక్షిణానికైతే 189 దాకా పోనివ్వండి, పడమర నుంచి ఎడమకైతే 171 దాకా. తూర్పు, పడమరలకి తిరిగేటప్పుడు ఈ తప్పు ఉండదు, బ్యాంక్‌లో సగం ముందు లేస్తే చాలు. కానీ ఆ రెండు హెడింగ్‌ల మీద వేగం మార్చకండి, మన అర్ధగోళంలో వేగం పెరిగితే కంపాస్ ఉత్తరానికి తిరిగినట్టూ, తగ్గితే దక్షిణానికి తిరిగినట్టూ చూపిస్తుంది. బ్యాంక్ 18 దాటితే ఈ లెక్కలేవీ నిలవవు.

అయినా పార్షియల్ ప్యానెల్‌లో (కొన్ని డయల్స్ లేకుండా ఎగరడం) మొదటి ఆయుధం కంపాస్ టర్న్ కాదు, టైమ్ చేసిన టర్న్. టర్న్ కోఆర్డినేటర్‌లో బొమ్మ విమానం రెక్కని గుర్తు మీద నిలిపితే సెకనుకి 3 డిగ్రీలు. 90 డిగ్రీలకి 30 సెకన్లు, 45కి 15. వాల్చడం మొదలుపెట్టినప్పుడు గడియారం నొక్కి, సమయం అవగానే లేవడం మొదలుపెట్టండి. తిన్నగా అయ్యాక కంపాస్ కుదురుకోనిచ్చి చూసి, మిగిలిన రెండు మూడు డిగ్రీలూ మళ్ళీ టైమ్‌తోనే సర్దుకోండి.

డయల్ మూసేసి సాధన చెయ్యడం సులువు. నిజంగా వాక్యూమ్ పంప్ (గాలి పీల్చి గైరోలని తిప్పేది) పోతే డయల్ మూసుకోదు. సక్షన్ గేజ్ 4.5, 5.5 మధ్య ఉండాల్సింది సున్నాకి పడిపోతుంది, కానీ లోపల గైరో ఇంకా తిరుగుతూనే ఉంటుంది. కొన్ని నిమిషాల్లో వేగం తగ్గుతూ యాటిట్యూడ్ మెల్లగా ఒరుగుతుంది. ఒరిగిన బొమ్మని సరిచేద్దామని మీరు మంచి విమానాన్ని వాల్చేస్తారు. అందుకే స్కాన్‌లో ప్రతి నిమిషానికీ ఒకసారి సక్షన్ గేజ్ చూడాలి, యాటిట్యూడ్ చెప్పినదాన్ని టర్న్ కోఆర్డినేటర్‌తో పోల్చాలి. 172లో అది కరెంటు మీద నడుస్తుంది, వాక్యూమ్‌తో సంబంధం లేదు. రెండూ ఒకటే చెప్పకపోతే ఆల్టిమీటర్, ఎయిర్‌స్పీడ్, కంపాస్ ఎవరి పక్షమో చూడండి. చెడినదాన్ని వెంటనే కాగితంతో మూసెయ్యండి, కన్ను దాని మీదకే పోతుంది కాబట్టి.

1978 జనవరి 1 రాత్రి బొంబాయి నుంచి దుబాయ్ బయల్దేరిన ఎయిర్ ఇండియా 855 బోయింగ్ 747 కథ ఇదే. కెప్టెన్ వైపు యాటిట్యూడ్ కుడికి వాలినట్టే నిలిచిపోయింది, విమానాన్ని ఎడమకి వాలుస్తూ పోయారు, కింద చీకటి సముద్రం, బయట క్షితిజం లేదు. 213 మంది పోయారు. పక్కనే పనిచేస్తున్న డయల్స్ ఉన్నాయి. పోల్చి చూసే అలవాటు మొదటి గంట నుంచే పెట్టుకోవాలని నేను ఇంత గట్టిగా చెప్పేది అందుకే.

డీజీ గురించి ఒక మాట. భూమి తిరగడం వల్లనే మన అక్షాంశంలో గంటకి 4 డిగ్రీల పైన జరుగుతుంది, బేరింగ్ రాపిడి దానికి అదనం. 15 నిమిషాలకోసారి తిన్నగా, వేగం మారకుండా ఎగురుతున్నప్పుడు కంపాస్‌తో సరిపెట్టుకోండి. టర్న్‌లో ఉండగా కంపాస్ చూసి డీజీ సర్దితే కంపాస్ తప్పు డీజీకి ఎక్కించినట్టే.

బ్రాడీపేట_172:

అన్నా, 24, 9 లెక్క ఇన్నాళ్ళూ ఎవరూ చెప్పలేదు. ఇంకొక సందేహం. హుడ్ కింద తల వంచి చార్ట్ చూసి పైకెత్తగానే విమానం పక్కకి దొర్లుతున్నట్టు అనిపిస్తోంది. డయల్స్ చూస్తే తిన్నగానే ఉంటోంది. ఇది అలవాటైతే పోతుందా?

సూర్యలంక_హొరైజన్:

పోదండీ. అది అందరి చెవుల్లోనూ ఉండేదే. అలవాటయ్యేది దాన్ని లెక్కచెయ్యకపోవడం మాత్రమే.

లోపలి చెవిలో మూడు అర్ధచంద్రాకారపు గొట్టాలుంటాయి, వాటిలో ద్రవం. తల తిరిగితే ద్రవం వెనకబడి, ఆ తేడాని మెదడు ‘తిరుగుతున్నాం’ అని చదువుతుంది. సెకనుకి 2 డిగ్రీల లోపు మెల్లగా ఒరిగితే ఈ గొట్టాలకి అసలు తెలియదు. ఒకే తీరులో 10, 20 సెకన్లు తిరుగుతూ ఉంటే ద్రవం గోడల వేగాన్ని అందుకుంటుంది, ఇక తిరగట్లేదనిపిస్తుంది. అప్పుడు తిన్నగా చేస్తే ఎదురువైపు తిరుగుతున్నట్టు ఉంటుంది. టర్న్‌లో ఉండగా మీరు తల వంచితే ఇంకో గొట్టం కూడా కదులుతుంది, రెండు కదలికలూ కలిసి లేని దొర్లుడు పుట్టిస్తాయి. అన్నిటిలోకీ బలమైన భ్రమ ఇదే.

కాబట్టి చార్ట్ తొడ మీద కాదు, యోక్ క్లిప్ మీద కంటి ఎత్తుకి దగ్గరగా పెట్టుకోండి. ఫ్రీక్వెన్సీలు, హెడింగ్‌లు ముందే పెద్ద అక్షరాలతో రాసుకోండి. టర్న్‌లో ఉండగా కింద పడిన పెన్ను తియ్యొద్దు, రెండో పెన్ను చొక్కా జేబులో ఉంచుకోండి. తల కాదు, కళ్ళు కదపాలి.

ఇది ఎంత త్వరగా ముంచుతుందో చెప్పే పాత ప్రయోగం ఒకటుంది. 1954లో ఇల్లినాయి విశ్వవిద్యాలయంలో ఇన్‌స్ట్రుమెంట్ శిక్షణ లేని 20 మందిని కృత్రిమంగా మబ్బులోకి పంపారు. ఇరవై మందీ అదుపు తప్పారు. సగటున 178 సెకన్లు పట్టింది.

హుడ్ పక్కల నుంచి వెలుతురు వస్తుంది, కంటి చివర నేల జాడ తగులుతుంది. అందుకని హుడ్‌లో బాగా వస్తే మబ్బులోనూ అంతే వస్తుందనుకోవద్దు. మబ్బే అక్కర్లేదు కూడా. మే నెల మధ్యాహ్నం మచిలీపట్నం తీరం దాటి బంగాళాఖాతం మీదకి వెళ్తే నీళ్ళూ ఆకాశమూ ఒకే రంగు, మధ్యలో గీత ఉండదు. కాగితం మీద విజిబిలిటీ 5 కిలోమీటర్లున్నా అది ఇన్‌స్ట్రుమెంట్ ఫ్లయింగే.

ఎనికేపాడు_సిమ్:

లాప్‌టాప్ సంగతి నేను చెప్తాను. ముందు లాగ్‌బుక్ ప్రశ్న: రాసుకోకూడదు. ఇన్‌స్ట్రుమెంట్ రేటింగ్‌కి కావాల్సిన 40 గంటల్లో 20 దాకా సిమ్యులేటర్‌లో చెయ్యొచ్చు, కానీ అది డీజీసీఏ (దేశ విమానయాన నియంత్రణ సంస్థ) ఆమోదించిన సిమ్యులేటర్ అయ్యుండాలి. ఇంట్లోది మీ కళ్ళకి మాత్రమే.

మొదటి నాలుగు రోజులు సిమ్ తెరవొద్దు. మీ విమానం ప్యానెల్ ఫొటో పెద్ద కాగితం మీద ప్రింట్ తీయించి కుర్చీ ముందు గోడకి అంటించండి. సెకనున్నరకో చప్పుడు చేసే మెట్రోనోమ్ యాప్ పెట్టి, ప్రతి చప్పుడుకీ కన్ను మారుస్తూ పైకే చెప్పండి: యాటిట్యూడ్, ఆల్టిమీటర్, యాటిట్యూడ్, డీజీ. పది నిమిషాల చొప్పున రోజుకి రెండుసార్లు. పిల్లలాటలా ఉంటుంది కానీ కళ్ళకి దారి పడేది ఇలాగే.

తర్వాత సిమ్‌లో 172 తీసుకుని, బయటి దృశ్యం కనపడకుండా మబ్బు కింద దాకా దించేసి, గన్నవరం మీద 3,000 అడుగుల్లో మొదలుపెట్టండి. తిన్నగా అయిదు నిమిషాలు 100 అడుగులు, 10 డిగ్రీలు, 10 నాట్స్ లోపల ఉండే దాకా ఇంకేమీ చెయ్యొద్దు. అది వచ్చాక హెడింగ్, వేగం కదలకుండా నిమిషానికి 500 రేటుతో 500 అడుగులు ఎక్కి 500 దిగండి, తర్వాత 400 ఎక్కి 400 దిగండి, అలా 300, 200. ఎత్తు తగ్గేకొద్దీ పవర్, పిచ్, ట్రిమ్ వెంటవెంటనే మారాలి, అందుకే చివరి 200 దగ్గర అందరూ తడబడతారు. అది కూడా కుదిరితే అదే పని స్టాండర్డ్ రేట్ టర్న్‌లో చెయ్యండి.

తప్పు చేస్తే పాజ్ నొక్కకండి. తప్పులోంచి బయటపడటమే సాధన. ఇంకో లోపం, జాయ్‌స్టిక్‌కి బరువు తెలియదు, ట్రిమ్ చేసినా వదిలితే నడిమికే వస్తుంది. కాబట్టి ట్రిమ్ అలవాటు సిమ్‌లో రాదు, దాని కోసం అసలు విమానమే దిక్కు. ఫెయిల్యూర్ల మెనూలో వాక్యూమ్‌ని ఎప్పుడు పోతుందో తెలియకుండా పెట్టుకోండి.

రెండో వారంలో హోల్డింగ్ (ఒక చోటు దగ్గర చుట్లు కొడుతూ ఆగడం). గాలి పక్క నుంచి 15 నాట్స్ పెట్టండి. 90 నాట్స్‌లో 15 నాట్స్ పక్కగాలికి డ్రిఫ్ట్ 10 డిగ్రీలు. ఇన్‌బౌండ్‌లో (ఆ చోటు వైపు వచ్చేటప్పుడు) 10 సర్దితే అవుట్‌బౌండ్‌లో (దూరంగా వెళ్ళేటప్పుడు) మూడింతలు, అంటే 30 సర్దాలి, ఎందుకంటే రెండు టర్న్‌లలోనూ గాలి తోసినదంతా ఆ ఒక్క తిన్నటి భాగంలోనే తీర్చుకోవాలి. ఇన్‌బౌండ్ నిమిషం రావాలి. 50 సెకన్లే వస్తే మరుసటి చుట్టులో అవుట్‌బౌండ్ పది సెకన్లు పెంచండి.

ఐఎల్‌ఎస్ (రన్‌వేకి దిగే దారి చూపే రేడియో వ్యవస్థ) చివరి వారానికి ఉంచండి. 3 డిగ్రీల దారిలో దిగే రేటు గ్రౌండ్‌స్పీడ్‌కి అయిదింతలు: 90కి 450, ఎదురుగాలి వల్ల 80 అయితే 400. వీఓఆర్ (రేడియో స్టేషన్ నుంచి దిశ చూపేది) సూది చివరిదాకా పోతే 10 డిగ్రీలు, లోకలైజర్ (ఐఎల్‌ఎస్‌లో రన్‌వే నడిమి గీత చూపేది) సూది పోతే రెండున్నరే, కాబట్టి వీఓఆర్ చేతితో లోకలైజర్ పడితే పాములా మెలికలు తిరుగుతారు. 5 డిగ్రీలకు మించి హెడింగ్ మార్చొద్దు, దగ్గరపడ్డాక 2. గ్లైడ్ స్లోప్ (ఐఎల్‌ఎస్‌లో దిగే వాలు చూపేది) చివరంచు 0.7 డిగ్రీ. తాకే చోటికి ఒక నాటికల్ మైలు దూరంలో అది 75 అడుగులే.

గన్నవరం_మెటార్:

మూడు వారాలు ఇక్కడే ఉంటారు కాబట్టి రోజూ పొద్దున గన్నవరం మెటార్ (విమానాశ్రయ వాతావరణ నివేదిక) చదవండి. డిసెంబర్, జనవరి తెల్లవారుజామున కృష్ణా డెల్టాలో మంచు పడుతుంది, దానికి కారణాలన్నీ ముందు రాత్రి మెటార్‌లోనే కనిపిస్తాయి: ఆకాశం నిర్మలం, గాలి అయిదు నాట్స్ లోపు, ఉష్ణోగ్రతకీ డ్యూ పాయింట్‌కీ (గాలిలో తేమ నీరుగా మారే ఉష్ణోగ్రత) తేడా రెండు డిగ్రీలకు దిగడం. విజిబిలిటీ 1,000 మీటర్ల కింద ఉంటే పొగమంచని రాస్తారు, అది దాటి 5,000 దాకా పల్చటి మంచు. క్యాట్ 1 (మామూలు రకం) ఐఎల్‌ఎస్‌కి డెసిషన్ హైట్ (దిగాలా, మళ్ళీ ఎక్కాలా అని తేల్చుకునే ఎత్తు) 200 అడుగుల కంటే, ఆర్‌వీఆర్ (రన్‌వే మీద కనిపించే దూరం) 550 మీటర్ల కంటే తక్కువ ఉండకూడదు. ఈ అంకెల పక్కన ఆ పొద్దుటి మెటార్ పెట్టి, దిగొచ్చా లేదా అని మీకు మీరే నిర్ణయించి రాసుకోండి.

క్యూఎన్‌హెచ్ (ఆల్టిమీటర్‌లో పెట్టే గాలి పీడనం) కూడా చూడండి. సముద్రమట్టం దగ్గర ఒక హెక్టోపాస్కల్ 27 అడుగులు. బంగాళాఖాతంలో వాయుగుండం ఉన్న రోజుల్లో 1010 ఉన్నది 1000కి పడొచ్చు. మీరు పాత అంకె మార్చకపోతే ఆల్టిమీటర్ చెప్పే దానికంటే 270 అడుగులు కింద ఉంటారు. డెసిషన్ హైట్ 200 అని పైన రాశాను, రెండూ పక్కపక్కన పెట్టి చూసుకోండి.

బ్రాడీపేట_172:

అందరికీ చాలా థాంక్స్ అండి. గోడ కాగితం రేపు ప్రింట్ తీయిస్తున్నాను. టైమ్డ్ టర్న్ గురించి ఒకటి: మా విమానంలో ఎడమకి 30 సెకన్లు తిప్పితే 90 వస్తోంది, కుడికి తిప్పితే 97 వస్తోంది. తప్పు నాదేనా?

అవనిగడ్డ_అల్టర్నేట్‌స్టాటిక్:

డయల్‌ది కావచ్చు. బయట చూస్తూ, డీజీ పనిచేస్తుండగా రెక్కని గుర్తు మీద నిలిపి పూర్తి చుట్టు తిప్పండి, కుడికోసారి ఎడమకోసారి, టర్న్ కోఆర్డినేటర్ కింది బంతి నడిమిలో ఉండాలి. రెండు వైపులా 2 నిమిషాలు రావాలి. కుడికి 1 నిమిషం 51 సెకన్లే వస్తే కుడివైపు గుర్తు కంటే రెక్కని ఒక వెంట్రుక మందం తక్కువగా పట్టాలి. మళ్ళీ కొలిచి ఎంత తక్కువో ఖాయం చేసుకోండి. ఆ అంకె విమానం నంబరుతో సహా రాసుకోండి, పక్క విమానానికి అది పనికిరాదు. టెక్ లాగ్‌లో (విమానం లోపాలు రాసే పుస్తకం) కూడా రాయించండి.